కవరులో జోకరు

క్లాంగ్,
జనవరి.

ఒరే ఉదయ్,

"చిరంజీవి ఉదయ్‌ని రత్నావతి అత్త దీవించి రాయునది" అని మొదలుపెట్టాలి. శనివారం తెలుగు క్లాసులో మీ అందరికీ అలాగే నేర్పాను. కానీ తిట్టడానికి రాస్తున్న ఉత్తరానికి దీవెనలెందుకని మానేశాను.

పోయిన వారం నువ్వు ఫోను చేశావు. నేను "ఆఁ, ఆఁ, బాగున్నాను" అన్నాను. నువ్వేం అడిగావో నాకు తెలియదు. డాక్టరు చెవిలో పెట్టుకోమని ఇచ్చిన యంత్రం ఫోను దగ్గరికి తెస్తే కుయ్యిమంటుంది. తీసేస్తే లోకమంతా గోడకు అవతల ఉన్నట్టుంటుంది. మనిషి ఎదురుగా కూర్చుని నెమ్మదిగా మాట్లాడితే పెదవులు చూసి సగం పట్టుకోగలను. నువ్వు నా ఎదురుగా కూర్చుని ఏడాది దాటిపోయింది. సైబర్‌జయ నుంచి క్లాంగ్‌కి ఎంత దూరమని? అన్నం తిని బయల్దేరితే టీ వేళకి మా గుమ్మంలో ఉంటావు. రమ్మని అడగడం లేదులే. ఎందుకు రావో నాకు తెలుసు.

మన చుట్టాలమ్మాయి సుమిత పెళ్లిలో మీ నాన్న నన్ను పట్టుకున్నాడు. "అక్కా, ఆడిని నువ్వే సెడగొట్టినావు. సిన్నప్పుడు ఒళ్లో కూసోబెట్టుకొని పేకముక్కలు సూపించినావు. ఇప్పుడు ఆఫీసు ఒగ్గేసి కంప్యూటర్‌లో పేకాట ఆడతన్నాడు. నలుగురు అడిగితే ఏటి సెప్పమంటావు?" అన్నాడు. ఇంత దగ్గరగా వచ్చి అరిచాడు కాబట్టి అంతా వినపడింది. "మా వాడు పేకాటలో ఉద్యోగం చేస్తున్నాడు అని చెప్పు గణేశన్" అన్నాను. వాడు అన్నం దగ్గర కూడా నాతో మాట్లాడలేదు.

ఇక మన మధ్య ఉత్తరాలే గతి. ఫోనులో తెలుగు అక్షరాలు నొక్కడం నాకు రాదు. నీకు ఇంగ్లీషులో రాయడం నాకు ఇష్టం లేదు.

అసలు సంగతికి వస్తాను. మా ఆదివారం పేకాట బల్ల మూతపడింది. మీ గోపాలసామి మామయ్య పోయాక ముగ్గురం ఆడుతూ వచ్చాం. ఇప్పుడు శివలింగం కూతురి దగ్గరికి జోహోర్ వెళ్లిపోయాడు. దేవకికి చేతులు వణుకుతున్నాయి, ముక్కలు పట్టుకోలేకపోతోంది. మొన్న ఆదివారం అలవాటు కొద్దీ బల్ల మీద ఆకుపచ్చ గుడ్డ పరిచి, ముక్కలు కలిపి కూర్చున్నాను. కూర్చున్నాక గానీ తట్టలేదు, ఎవరికి పంచాలని.

కాబట్టి నీకు పంచాను. ఈ కవరులో ఉన్న పదమూడు ముక్కలూ నీవి. నేను చూడలేదు, మీ మామయ్య మీద ఒట్టు. నా పదమూడూ నా దగ్గర ఉన్నాయి. మిగిలిన కట్ట బల్ల మీద మైలో పొడి డబ్బా కింద ఉంది. బయటపెట్టిన ముక్క డైమను మూడు, అదీ పంపుతున్నాను. కట్టలో పైముక్కను చూడకుండా అంగ్‌పావ్ కవరులో పెట్టి అంటించాను. దీపావళికి పిల్లలకు డబ్బులు పెట్టి ఇవ్వగా మిగిలిన కవర్లు బోలెడున్నాయి. మూడు కావాలంటే తీసుకుని అంగ్‌పావ్ తెరవకుండా తిప్పి పంపు. అంగ్‌పావ్ తెరిస్తే మూడు తిప్పి పంపు. దాంతోపాటు నువ్వు వేసే ముక్క ఒకటి. ప్రతి ఉత్తరానికీ అంతే. ముక్కలన్నీ జతపడిన రోజు "షో" అని రాయాలి.

మన బల్ల మీద డ్రాప్ లేదని గుర్తుందిగా? చెయ్యి బాగాలేదని మధ్యలో ముక్కలు కింద పడేయడం మీ మామయ్య ఒప్పుకునేవాడు కాదు. ఓడినా కూర్చుని ఓడాలి.

మీ అత్త
రత్నావతి

*

సైబర్‌జయ,
ఫిబ్రవరి.

అత్తా,

నీ కవరు అందింది. కింద కాపలా ఆయన దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, నవ్వి ఇచ్చాడు. ఈ భవనంలో ఎవరికీ చేతిరాత ఉత్తరం రాదట. నా తెలుగులో తప్పులుంటే ఎర్ర ఇంకుతో దిద్ది తిప్పి పంపకు. రాసి చాలాకాలమైంది.

ముక్కల్ని చేతిలో పట్టుకుని కాసేపు అలాగే కూర్చున్నాను. రోజూ ముక్కలతోనే బతుకుతాను కానీ ముక్క అంచు వేలికి తగిలి ఎన్నాళ్లయిందో. వీటికి ఇంకా మీ ఇంటి పసుపు వాసన ఉంది.

నేను చేసే పని నీకు సరిగ్గా చెప్పనేలేదు. దాని ఇంగ్లీషు పేరు వద్దులే, మనం "ఏడు కోటలు" అనుకుందాం. మన పేకలా ఒకే కట్టను ఇద్దరికీ పంచరు. ఎవరి కట్ట వాళ్లే కట్టుకుని రావాలి. వందల ముక్కల్లోంచి ముప్ఫై ఏరుకోవాలి. ఒక్కో ముక్క ఒక సైనికుడు, లేకపోతే ఒక మంత్రం. అవతలి వాడి కోట కూలితే ఆట మనది. అవతలి వాడు మనీలాలో ఉండవచ్చు, సియోల్‌లో ఉండవచ్చు. ముఖం కనపడదు. మాట్లాడడానికి ఆరు మాటలే ఉంటాయి, అవీ బొత్తాలే: నమస్తే, ధన్యవాదాలు, అయ్యో, ఆలోచిస్తున్నాను, త్వరగా కానివ్వండి, బాగా ఆడారు. కొన్ని రోజులు నేను మనుషులతో మాట్లాడింది ఆ ఆరు మాటలే అనిపిస్తుంది. ఇంట్లో వాళ్లతో కాకుండా.

ఇంట్లో అంటే మా జట్టు. ఐదుగురం ఒకే ఇంట్లో ఉంటాం. హేమనాథ్ అని ఒకడున్నాడు, వంట వాడిదే. సాంబారులో చక్కెర వేస్తాడు, అడిగితే వాళ్లమ్మ అలాగే చేస్తుందంటాడు. గోల గోలగా ఉంటుంది ఇల్లు. అందుకే ఫోనులో నా మాట నీకు వినపడి ఉండదు.

జూన్‌లో కౌలాలంపూర్‌లో మన ప్రాంతం వాళ్లందరికీ పోటీ ఉంది. ఆఖరి ఇద్దరిలో నిలబడితే పై పోటీకి వెళతాను, జట్టు నన్ను ఇంకో ఏడాది ఉంచుకుంటుంది. నిలబడకపోతే మళ్లీ ఆఫీసుకు వెళతానని నాన్నకు మాట ఇచ్చాను. "పేకాటోడివా, పనోడివా, ఏదో ఒకటి తేల్చు" అన్నాడు. తేల్చేది జూన్.

మూడు నాకు అక్కర్లేదు, తిప్పి పంపుతున్నాను. అంగ్‌పావ్ తెరిచాను. నేను వేసేది కళావరు ఏడు.

ఉదయ్

*

క్లాంగ్,
మార్చి.

ఉదయ్,

"ఫిబ్రవరి"కి వత్తు సరిగ్గానే పెట్టావు, సంతోషం. మిగతావి దిద్దలేదు. ఎర్ర ఇంకు ఎండిపోయింది.

నీ కళావరు ఏడు చూడగానే లేచి వంటింట్లోకి వెళ్లి ఒక కప్పు కొప్పి కాఫీ కలుపుకుని వచ్చాను. ఎందుకో చెప్పను. ఎత్తుకున్నాను. చేతికి వచ్చిన దాన్ని అవతలి వాళ్లకు వేస్తావేంరా, నేను నేర్పిన ఆట ఇదేనా?

ఉగాదికి మన తెలుగు సంఘంలో పచ్చడి చేశాం. వేపపువ్వు ఈసారి కూడా దొరకలేదు, ఎండబెట్టింది ఎవరో ఊరి నుంచి తెచ్చారు. పిల్లలు వచ్చారు, అందరూ చక్కగా కూర్చున్నారు, ఒక్కరూ తెలుగులో నోరు విప్పలేదు. నాకు వినపడదు కాబట్టి నాకు అందరూ సమానమే. స్టేజీ మీద వాళ్లు పాడుతుంటే నోళ్లు చూస్తూ కూర్చున్నాను. పక్కన దేవకి ఉంటే చెయ్యి పట్టుకుని తాళం వేసేది. అది కూడా రాలేదు.

హేమనాథ్ సాంబారు ఇంకా తియ్యగానే ఉందా? చింతపండు పులుసు ముందు మరిగించి ఆ తరవాత పప్పు కలపమని చెప్పు. మిగిలిన ముగ్గురి పేర్లు రాయలేదు నువ్వు. ఈసారి రాయి. వాళ్లకు కూడా ఊరగాయ పంపుతాను.

జుట్టు కత్తిరించుకో. కళ్లలో పడుతోంది. నాకెలా తెలుసని అడగకు. మేనల్లుడి జుట్టు సంగతి అత్తలకు తెలిసిపోతుంది.

నేను వేసేది ఇస్పేటు రాణి. పైముక్క అంగ్‌పావ్‌లో ఉంది.

మీ అత్త

*

సైబర్‌జయ,
ఏప్రిల్.

అత్తా,

రాణిని తీసుకున్నాను. అంగ్‌పావ్ తెరవకుండా తిప్పి పంపుతున్నాను. నేను వేసేది ఆఠీను రెండు.

జుట్టు కత్తిరించుకున్నాను. ఎలా తెలిసిందో నిజంగానే అర్థం కాలేదు.

ఊరగాయ వద్దులే అత్తా, ఇంట్లో ఎవరూ అంత తినరు. మిగిలిన వాళ్ల పేర్లు నీకు నోరు తిరగవు.

ఇక్కడ రోజూ మధ్యాహ్నం వాన. మా కిటికీలోంచి ఈతకొలను కనపడుతుంది. వాన పడుతుంటే నీళ్లలో నీళ్లు పడడం చూస్తాను. ఆ కొలనులో ఎవరూ ఈదగా నేను చూడలేదు. అయినా దాన్ని రోజూ పొద్దున్నే ఒకాయన వచ్చి శుభ్రం చేసి వెళతాడు. ఆయనకు చెయ్యి ఊపుతాను, ఆయనా ఊపుతాడు.

జూన్‌కి సాధన బాగా సాగుతోంది. నా బలం ఏమిటో నీకు చెబుతాను. అవతలి వాడు ఏ ముక్క ఎంతసేపు పట్టుకుని కూర్చున్నాడో చూసి, అది ఏమై ఉంటుందో లెక్క కడతాను. పదిలో తొమ్మిదిసార్లు తప్పదు. ఇక దారి లేదని లెక్క తేలితే ఆఖరి దాకా ఆగను. తెర మూల ఒక తెల్ల జెండా బొత్తం ఉంటుంది. నొక్కితే ఓటమి ఒప్పుకున్నట్టు. ఆట అక్కడితో ఆగిపోతుంది, వెంటనే ఇంకొకటి మొదలుపెట్టవచ్చు. పైకి వచ్చిన వాళ్లందరూ అలాగే చేస్తారు. ఓడిపోయే ఆట దగ్గర కూర్చుంటే గెలిచే ఆటకు టైము ఉండదు. మామయ్య వింటే కొట్టేవాడు కదా?

జట్టు మేనేజరు ఈ మధ్య మెసేజీలు తక్కువ పెడుతున్నాడు. జూన్ అయ్యాక మాట్లాడదాం అన్నాడు.

ఈ ఉత్తరాలు రాయడానికి కూర్చున్నప్పుడు తెర ఆపేస్తాను. గదిలో ఫ్యాను చప్పుడు అప్పుడే వినపడుతుంది.

ఉదయ్

*

క్లాంగ్,
మే.

ఉదయ్,

తెల్ల జెండా గురించి రాసింది చదివాను. మీ మామయ్య కొట్టేవాడు కాదు. లేచి వెళ్లి తన కొప్పి తాను కలుపుకునేవాడు. ఆయనకు కోపం వస్తే అంతే. కొట్టించుకోవడమే నయం అనిపించేది.

లెక్కల్లో నీతో నేను పోటీ పడలేను. ఒక్కటి అడుగుతాను. పదిలో తొమ్మిదిసార్లు సరే. ఆ పదోసారి ఎదురుగా కూర్చున్న వాడి చేతిలో ఏముందో నీకు ఎప్పటికీ తెలియదు కదా? నువ్వు లేచి వెళ్లిపోయావు. వాడు ముక్కలు కలిపేశాడు. ఆ ఆట ఎవరిదిరా?

పోటీకి మంచి చొక్కా వేసుకుని వెళ్లు. ముందు తిను. ఎవరైనా తోడు వస్తున్నారా? నేను వస్తానంటే నీకు ఇబ్బందిగా ఉంటుంది, నాకూ ఆ గోలలో ఏమీ వినపడదు. ఇక్కడే దీపం పెట్టుకుని కూర్చుంటాను.

నేను వేసేది జోకరు. పైముక్క అంగ్‌పావ్‌లో.

మీ అత్త

*

సైబర్‌జయ,
జూన్.

అత్తా,

ఓడిపోయాను. సెమీఫైనల్‌లో. ముక్కలు కలిసిరాలేదు. అవతలి వాడు మనీలా అబ్బాయి, బాగా ఆడాడు. ఇంతకన్నా చెప్పడానికి ఏమీ లేదు.

జట్టు నన్ను వదిలేసింది. నాన్నకు ఫోను చేశాను. "సరేలే, అయింది కదా, ఇప్పుడు పని సూసుకో" అన్నాడు. గొంతులో సంతోషం దాచుకోవడానికి చాలా కష్టపడ్డాడు పాపం.

నువ్వు పొరపాటున జోకరు వేశావు. ఏ ముక్క బదులైనా నిలబడే ముక్కను ఎవరైనా పారేస్తారా? వేసిన జోకరును ఇంకొకరు ఎత్తుకోకూడదని మామయ్య నియమం కాబట్టి అది నాకూ పనికిరాదు. తిప్పి పంపుతున్నాను, నీ ముక్కల్లో పెట్టుకో. కళ్లజోడు మార్చుకో అత్తా. పక్కింటి పూంగొడి అక్కను ఆసుపత్రికి తీసుకెళ్లమని అడుగు, నర్సే కదా.

అంగ్‌పావ్ తెరవలేదు. నా పదమూడు ముక్కలు కూడా ఈ కవరులోనే ఉన్నాయి. మన బల్ల మీద డ్రాప్ లేదని తెలుసు. కానీ ఇప్పుడు నాకు ముక్కలు చూడాలని లేదు. ఏ ముక్కలూ. నువ్వు గెలిచినట్టు అనుకో.

ఉదయ్

*

క్లాంగ్,
జూలై.

ఒరే ఉదయ్,

ఉత్తరం రాయడానికి ఇన్ని రోజులు పట్టింది. మొదట రాసింది చించేశాను, అందులో అన్నీ తిట్లే. ఇందులో కొన్నే ఉన్నాయి.

నీ ముక్కలు నేను తిప్పి చూడలేదు. బోర్లా పెట్టి రబ్బరు బ్యాండు వేసి, కాగితంలో చుట్టి పంపుతున్నాను. జోకరు నేను వేసిందే, వేసినట్టే ఉంటుంది. నువ్వు తెరవని అంగ్‌పావ్ కూడా మళ్లీ పంపుతున్నాను. నా కళ్లకు ఏమీ కాలేదు. పూంగొడి పరీక్ష చేయించింది, చీమ కాళ్లు లెక్కపెట్టగలనట. చెడింది చెవులేరా, కళ్లు కాదు.

ఆ కళ్లతోనే నిన్ను చూశాను.

డిసెంబరులో పూంగొడి మా టీవీలో ఏదో నొక్కి, "ఆంటీ, ఇంగ పారుంగ, ఇదిగో చూడండి, మీ ఉదయ్!" అని చూపించింది. నువ్వు ఆడుతుంటే జనం చూస్తారట కదా, ఆ చానెలు. ఎలా పెట్టుకోవాలో నేర్చుకున్నాను. ఆ రోజు నుంచి రోజూ మధ్యాహ్నం అన్నం పళ్లెం పట్టుకుని నీ ముందే కూర్చుంటున్నాను. నువ్వేం మాట్లాడుతున్నావో నాకు వినపడదు. అక్కర్లేదు. నీ ముఖం, నీ ముక్కలు, నీ వెనక తలుపు. ఆ తలుపులోంచి ఇన్ని నెలల్లో ఒక్క మనిషి రాలేదు ఉదయ్. టీ కప్పు పెట్టడానికైనా, చీపురు తీసుకోవడానికైనా ఎవరూ రాలేదు. నీ మంచం పక్కనే రైస్ కుక్కరు ఉంది. హేమనాథ్ వంట చేసే ఇంట్లో రైస్ కుక్కరు పడకగదిలో ఎందుకుంటుందిరా? ఐదుగురు ఉండే ఇల్లని నువ్వు రాశావు. నేను సాంబారు ఎలా ఉందని అడిగాను. ఇద్దరం ఎంత బాగా ఆడామో.

పోటీ కూడా చూశాను. పూంగొడి సెలవు పెట్టుకుని నా పక్కన కూర్చుంది. అద్దాల గదిలో నువ్వు, నీలం చొక్కా. ఇంట్లో చూసేవాళ్లకు ఇద్దరి చేతిలో ముక్కలూ చూపిస్తారు, నీకు తెలిసే ఉంటుంది. నీ కోట కూలిపోయే స్థితిలో ఉంది, వాడిదీ అంతే. వాడి చేతిలో ఒకే ముక్క. ఎంతసేపటి నుంచో పట్టుకుని కూర్చున్నాడు. అది నిన్ను కాల్చేసే మంత్రమని నువ్వు అనుకున్నావు. కాదురా. అది దీపం బొమ్మ ఉన్న చిన్న ముక్క. ఎందుకూ పనికిరాక వాడి చేతిలో మిగిలిపోయింది. పూంగొడి సోఫాలోంచి లేచి నిలబడింది. నేను టీవీ దగ్గరికి వెళ్లి నీ ముఖం మీద చెయ్యి పెట్టి, "ఆడి సేతిలో లేదురా, ఏటీ లేదురా, ఆడరా!" అని అరిచాను. నాకే వినపడేలా అరిచాను.

నువ్వు జెండా నొక్కావు.

వాడు కూడా నమ్మలేక ఇటూ అటూ చూశాడు. నువ్వు వాడి ముక్క చూడకుండానే లేచిపోయావు.

"ముక్కలు కలిసిరాలేదు" అని నాకు రాశావు. ముక్కలు కలిసే ఉన్నాయి. లెక్క తప్పావని నేను అనడం లేదు, లెక్కలు అందరూ తప్పుతారు. నొక్కే ముందు నీ ముఖం చూశాను. అది లెక్క కట్టే ముఖం కాదు, దాన్ని నేను నెలల తరబడి చూశాను, నాకు తెలుసు. అది ఇంటికి వెళ్లిపోదాం అనుకునే ముఖం. వెళ్లడానికి నీకు ఇల్లే లేదు, అక్కడ రైస్ కుక్కరు తప్ప. నాకు ఏడుపొచ్చింది.

ఆఫీసుకు వెళతావో, ఆడుకుంటూ ఉంటావో నీ ఇష్టం. మీ నాన్నకు నేను చెప్పుకుంటాను. కానీ నా బల్ల మీద మాత్రం డ్రాప్ లేదు. ముక్కలు తీసుకో. వంతు నీది.

మీ అత్త

*

సైబర్‌జయ,
ఆగస్టు.

అత్తా,

నీ ఉత్తరం అందాక చాలా రోజులు చానెలు తెరవలేదు. నువ్వు మధ్యాహ్నం ఖాళీ టీవీ ముందు పళ్లెం పట్టుకుని కూర్చుంటావేమోనని తట్టి మళ్లీ తెరిచాను. ఆ రోజు కెమెరా వైపు చెయ్యి ఊపాను. చూశావా?

అవును, ఎవరూ లేరు. హేమనాథ్ నిజంగానే ఉండేవాడు, సాంబారులో చక్కెర కూడా నిజమే. నిరుడు మా జట్టును సగానికి తగ్గించారు. వాడు పెనాంగ్ వెళ్లి బ్యాంకులో చేరాడు. మిగిలిన వాళ్లు కూడా ఒక్కొక్కరే వెళ్లిపోయారు. ఇంటి అద్దె గడువు తీరేదాకా నేను ఉండిపోయాను. వంటింట్లోకి వెళితే ఐదు కప్పులు కనపడేవి. అందుకే రైస్ కుక్కరు గదిలోకి తెచ్చుకున్నాను. నీకు అబద్ధం రాయాలని కాదు. ఉత్తరంలో రాస్తుంటే వాళ్లు ఇంకా ఉన్నట్టే అనిపించేది.

అది దీపం ముక్క అని నాకు ఆ సాయంత్రమే తెలిసింది. మొత్తం ఇంటర్నెట్‌కు తెలిసింది. నవ్వుకున్నారు, నా ముఖంతో బొమ్మలు చేసుకున్నారు. నువ్వు మాత్రం చూసి ఉండకూడదని మొక్కుకున్నాను. నువ్వు చూశావు. టీవీ మీద చెయ్యి పెట్టావు. అక్కడిదాకా చదివి కిందికి వెళ్లి ఈతకొలను పక్కన కూర్చున్నాను.

నిజం నువ్వు చెప్పినట్టే. లెక్క సగంలోనే ఆపేశాను. ఆ అద్దాల గదిలో కూర్చుని, గెలిస్తే ఏమవుతుందా అని ఆలోచించాను. గెలిస్తే ఇంకో ఏడాది ఇదే గది. ఎవరికి ఫోను చేసి చెబుతాను? నీకు వినపడదు. నాన్న వినడు. చెయ్యి బొత్తం మీదికి వెళ్లింది.

ఓడిన వాళ్లకు ఈ నెల ఇంకో పోటీ పెట్టారు, ఇంటి నుంచే ఆడేది. ఆడకూడదనుకున్నాను. నీ ఉత్తరం చదివాక పేరు ఇచ్చాను. చాలా దూరం వెళ్లాను అత్తా. ఆఖరి ఆటలో మళ్లీ అదే వచ్చింది. నా కోట కూలబోతోంది, అవతలి వాడి చేతిలో ఒకే ముక్క. లెక్క ప్రకారం నేను అయిపోయాను. జెండా అక్కడే ఉంది. చేతులు తొడల కింద పెట్టుకుని కూర్చున్నాను. వాడు వేశాడు. ఈసారి వాడి చేతిలో ఉంది. నా కోట కాలిపోతుంటే మొత్తం చూశాను. నేను "బాగా ఆడారు" నొక్కాను. తరవాత వాడు కూడా అదే నొక్కాడు.

సెప్టెంబరులో ఆఫీసులో చేరుతున్నాను. నాన్నకు నేనే చెప్పాను, నువ్వు గొడవ పడక్కర్లేదు. "పేకాటోడినే నాన్నా, ఓడిపోయిన పేకాటోడిని. ఎవరైనా అడిగితే అలాగే చెప్పు" అన్నాను. దానికి ఆయన, "మరి ఆ మనీలావోడు సేతిలో ఏటుందో సూసుకోలేదేటిరా?" అన్నాడు. ఆయన కూడా చూశాడు అత్తా. ఎవరికీ చెప్పకుండా ఈపోలో తన ఇంట్లో కూర్చుని చూశాడు.

ఇక మన ఆట. కాగితం విప్పి, నా పదమూడు ముక్కలూ మంచం మీద పరిచాను. ఆ తరవాత నీ జోకరును చేతిలోకి తీసుకుని చాలాసేపు చూశాను. ఈసారి లెక్క చివరిదాకా కట్టాను.

జోకరు ఏ ముక్క బదులైనా నిలబడుతుంది. చేతిలో ఒక్క ముక్క తక్కువ ఉన్నా ఎవరూ దాన్ని వేయరు. వేస్తే ఒకటే అర్థం: దానితో పని లేదు. నీ పదమూడూ అప్పటికే జతపడి ఉన్నాయి. నువ్వు ఆ రోజే షో చెప్పాలి. ఎప్పటి నుంచి చెప్పకుండా కూర్చున్నావో నాకు తెలియదు. నా కళావరు ఏడును ఎత్తుకుని, ఎందుకో చెప్పనని రాశావు చూడు, ఆ మార్చి నుంచే అనుకుంటున్నాను. షో చెబితే ఆట అయిపోతుంది. ఆట అయిపోతే నేను ఉత్తరం రాయడానికి కారణం ఉండదని నువ్వు అనుకున్నావు. పెద్ద ఆటగాడినని చెప్పుకునే నేను నిన్ను కళ్లజోడు మార్చుకోమన్నాను.

అంగ్‌పావ్ తెరిచాను. ఆఠీను జాకీ వచ్చింది. జనవరి నుంచి నేను ఎదురుచూస్తున్న ముక్క అదే. జోకరు నీది ఒకటే కాదు అత్తా, కట్టలో రెండోది మొదటి కవరులోనే నాకు వచ్చింది. నీకు చెప్పలేదు. జాకీతో, ఆ జోకరుతో నా చెయ్యి మొత్తం కుదిరిపోయింది. చేతిలో మిగిలిపోయేది డైమను తొమ్మిది ఒక్కటే. దాన్ని బోర్లా పెట్టి "షో" అని రాస్తే ఈ ఆట నాది. ఈ ఏడాది మొత్తంలో చివరిదాకా వెళ్లి నేను గెలిచే ఆట ఇదొక్కటే.

వచ్చే ఆదివారం క్లాంగ్ వస్తున్నాను, అన్నం తినకుండా వస్తాను. నీ ఎదురుగా కూర్చుని నెమ్మదిగా మాట్లాడతాను. ఆకుపచ్చ గుడ్డ పరిచి ఉంచు, కొత్త కట్టతో వేరే ఆట ఆడదాం. దేవకి ఆంటీని కూడా పిలువు, ఆమె ముక్కలు నేను పట్టుకుంటాను. ఈ ఆట మాత్రం బల్ల మీదికి తేవద్దు. ఇది టపాలోనే ఉండనీ.

నీ జోకరు తిప్పి పంపుతున్నాను, వేసిన ముక్కల్లో పెట్టు. దానితోపాటు నేను వేసే ముక్క ఉంది. తొమ్మిది కాదు. అది కూడా జోకరే.

పొరపాటు కాదు అత్తా. నా కళ్లు బాగానే ఉన్నాయి.

ఉదయ్